ఆరు గంటల నీళ్లు

మదనపల్లెలో ఒక చిన్న సంస్థలో ట్రైనర్‌గా చేరి అప్పటికి తొమ్మిదేళ్లయింది. పల్లెల్లో మహిళా సంఘాల చేత ఆటలు ఆడించడం, చిన్న నాటకాలు వేయించడం నా పని. ఊరి సమస్యను ఊరివాళ్లే నటిస్తే దానికి దారి కూడా వాళ్లే వెతుక్కుంటారని మాకు నేర్పారు. మొదట్లో నేనూ నమ్మాను. తొమ్మిదో ఏటికి గొంతు బొంగురుపోయింది, మోకాళ్లు నొప్పులు పట్టాయి, నమ్మకం సంగతి ఆలోచించడం మానేశాను. చార్టుల సంచీ భుజాన వేసుకుని బస్సెక్కడం, ఆట ఆడించడం, సంతకాలు పెట్టించుకుని తిరిగి రావడం, అంతే.

ఆ ఎండాకాలం చౌడేపల్లె దగ్గర ఒక పల్లె నా వంతుకొచ్చింది. పుంగనూరులో బస్సు దిగి ఆటో పట్టుకోవాలి. ఊరు చేరేసరికే సగం ఓపిక అయిపోయేది. సెలవుల్లో ఖాళీగా ఉన్న బడి వరండాలో ఇరవై మంది దాకా ఆడవాళ్లు కూర్చున్నారు. అందరివీ ఆవులు మేపుకునే ఇళ్లే. మొదటి రోజు అందర్నీ గుండ్రంగా నిలబెట్టి, ఎదుటివాళ్ల చేతులు అడ్డదిడ్డంగా పట్టించి, చేతులు వదలకుండా ఆ ముడి విప్పుకోమన్నాను. కాసేపు నవ్వారు. అంతలో ఒక ముసలామె చెయ్యి విడిపించుకుంది.

"ఈ ఆటలాడేకా మ్యాడమ్ మమ్మల్ని పిలిసింది? ఆడ ఆవు అరస్తా ఉండాది" అంది.

ఆ పూటకు ఆట ఆపేసి సంతకాలు పెట్టించుకున్నాను.

రెండో రోజు ఆటలు పక్కన పెట్టి, ఊళ్లో అన్నిటికన్నా పెద్ద ఇబ్బంది ఏమిటని అడిగాను. అందరూ నీళ్లేనన్నారు. పంచాయతీ మనిషి పొద్దున ఆరుకు కొళాయికి నీళ్లు విడుస్తాడు, ముప్పావు గంటకు ఆపేస్తాడు. పాల వ్యాను కూడా ఆరుకే వచ్చి ఊరి బయట రోడ్డు మీద ఆగుతుంది. పాలు పోయడానికి వెళితే నీళ్లు దొరకవు, నీళ్లకు నిలబడితే వ్యాను వెళ్లిపోతుంది. రోజూ కొళాయి దగ్గర పోట్లాటే.

దాన్నే నాటకంగా వేద్దామని చీటీలు తీయించాను. నీళ్లు విడిచే మనిషి వేషం ఒక పొడుగాటి ఆమెకు వచ్చింది. బిందెతో వచ్చే ఆడమనిషి వేషం నీలం చీర ఆమెకు వచ్చింది. కూర్చున్నవాళ్లంతా ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. ముసలామె నా పక్కకు జరిగి మెల్లగా చెప్పింది.

"వాళ్లిద్దరూ తోడికోడండ్లు మ్యాడమ్. పోయినేడు కొళాయి కాడ కొట్టుకున్యారు. అప్పట్నుంచీ మాటల్లేవు."

చీటీలు మారుద్దామని లేచాను.

"మార్సద్దు, కానీలే" అంది ముసలామె.

నిజం చెప్పాలంటే మళ్లీ చీటీలు రాసే ఓపిక లేకనే కూర్చుండిపోయాను.

పొడుగాటి ఆమె తలకు తువ్వాలు చుట్టుకుంది. నీలం చీర ఆమె ఖాళీ బిందె తీసుకొచ్చి ఆమె ముందు పెట్టింది.

"ఏమప్పా, ఆరుకే యాల ఇడస్తావు నీళ్లు? మేము పాలు పోసేకి పోవద్దా?"

"పోతే పో. నన్నేం సెయ్యమంటావు?"

"నేనొచ్చేతలికి అందరి బిందెలూ నిండిపోయింటాయి. నా బిందె పక్కకు నూకేసింటారు. నూకింది ఎవురో నాకు తెల్సు."

ఆ మాట నీళ్ల మనిషికి కాదని అందరికీ తెలిసిపోయింది. పొడుగాటి ఆమె మొహం బిగుసుకుంది. ఇక ఆపేద్దామనుకుంటుండగా ఆమె తువ్వాలు సర్దుకుని, గొంతు మార్చి మాట్లాడింది.

"నీళ్లిడిసేంత వరకే నా పని. బిందెల సంగతి నాకు తెలీదు."

"అయితే ఏడుకు ఇడువు."

"ఏడుకు ఇడువప్పా అని ఒక్కరన్నా నన్నడిగినారా? మీలో మీరు కొట్టుకుంటిరి గానీ, నా కాడికొచ్చి అడిగినోళ్లు యాడుండారు?"

ముసలామె తలూపుతూ అంది. "నిజమే గదమ్మే. మనం అడగనే లేదు."

ఆ సాయంత్రమే నలుగురు కలిసి నీళ్లు విడిచే అతని ఇంటికి వెళ్లారు. "నాకేమమ్మా, ఏడుకైనా ఇడస్తా. నాకు ముందుండినోడు ఆరుకని సెప్పిపోయినాడు, అదే సేస్తాండా" అన్నాడట.

రెండు వారాల తర్వాత నేను మళ్లీ వెళ్లేసరికి నీళ్లు ఏడుకే వస్తున్నాయి. అందరూ ఒకేసారి ఆ సంగతి చెప్పారు. తోడికోడళ్లు మాత్రం వరండాలో ఆ చివర ఒకరు, ఈ చివర ఒకరు కూర్చున్నారు. అందరూ వెళ్లాక నీలం చీర ఆమెను పలకరించాను.

"ఆ దినం ఆమెతో బాగా మాట్లాడితివి గదమ్మా?"

"ఆమెతో యాడ మాట్లాడినా మ్యాడమ్? నీళ్లిడిసే మనిషితో గదా" అంది.

వేళాకోళం కాదు, మామూలుగానే అంది. అని, గడ్డిమోపు నెత్తికెత్తుకుని వెళ్లిపోయింది. నీళ్ల కన్నా వాళ్లిద్దరూ కలవాలనే నేను ఎక్కువగా ఆశపడ్డానని ఆటోలో కూర్చున్నాక తెలిసింది. అట్లా ఆశపడే పాటి నమ్మకం ఇంకా నాలో మిగిలి ఉందని కూడా అప్పుడే తెలిసింది. దాంతో ఇంకా అలసటగా అనిపించింది.

ఆఫీసులో ఈ సంగతి విని మెచ్చుకున్నారు. అదే నాటకం కుప్పంలో కూడా వేయించమని పంపారు. ఆ రోజు మీటింగుకు శాంతిపురం వైపు నుంచి వచ్చినవాళ్లే ఎక్కువ. చీటీలు తీసి కొళాయి కథ మొదలుపెట్టగానే ఒక వయసు పిల్ల అడ్డుపడింది.

"మ్యాడమ్, మాకు నీళ్లు ఇంటికే వస్తాయి. మా మగోళ్లు బెంగుళూరులో ఉండారు. బిడ్డకు జ్వరమొస్తే ఆస్పత్రికి తోడెవురొస్తారు? ఇంట్లో ఆవును ఎవురు సూస్తారు? అది సెప్పండి."

చీటీలు సంచీలో పెట్టేసి వాళ్ల మధ్య నేల మీద కూర్చున్నాను. "నాకు తెలీదమ్మా. మీరే సెప్పండి, వింటా" అన్నాను.

మధ్యాహ్నం దాకా మాట్లాడుకున్నారు. ఒకరి మాట మీద ఒకరు పడ్డారు, ఇద్దరు ఏడ్చారు. చివరికి పక్కపక్క ఇళ్లు రెండేసి జత కట్టాలని, ఒకరు ఆస్పత్రికి వెళితే ఇంకొకరు ఆవునూ మిగతా పిల్లల్నీ చూడాలని అనుకున్నారు. అది ఎన్నాళ్లు నడిచిందో నాకు తెలియదు. మళ్లీ నన్ను అటు పంపలేదు.

ఆ రోజు ఆఫీసుకు ఫోన్లో పంపాల్సిన రిపోర్టులో, వేయించిన నాటకాలు ఎన్ని అన్నచోట సున్నా రాసి పంపాను. తిరుగు బస్సులో ఉండగా మా పైఅధికారి ఫోన్ చేసి ఇదేమిటని గట్టిగానే అడిగాడు. ఆయన చెప్పేదంతా విన్నాను. సరే సార్ అన్నాను. మదనపల్లె ఇంకా చాలా దూరం ఉంది. చెప్పులు విప్పేసి, కాళ్లు ఎదుటి సీటు కిందికి చాపుకున్నాను.