సున్నం గీతలు గీసిన చెట్టు

చిన్నరాయప్ప సినిమాలకు కెమెరా పడతాడని విస్సన్నపేటలో చెబితే, "పెళ్ళిళ్ళకి కదా?" అంటారు. అదీ నిజమే. పెళ్ళిళ్ళు తీస్తేనే అతనికి కూడు. మిగతా రోజుల్లో హీరోలు లేని, థియేటర్‌కు రాని సినిమాలు తీస్తాడు. వాటిని పూర్తిగా చూసినవాణ్ణి ఊళ్ళో నేనొక్కణ్ణే. ఒకదానికి నాక్కూడా నిద్రొచ్చింది. నలభై దాటినా అతనికి పెళ్ళి కాలేదు. బస్టాండు వెనక గదిలో బ్యాటరీలతో కాపురం.

ఈసారి సినిమా సొంత నేల మీదే. డైరెక్టర్ అక్షయ హైదరాబాద్ అమ్మాయి. కథేమిటంటే, తోటపనికి వెళ్ళే ఒకామె పూతకాలంలో ఒక చెట్టు కింద ఎవరికోసమో ఎదురుచూస్తుంది. కాయకాలంలో అదే చెట్టు కింద అలాగే కూర్చుంటుంది. రెండు షాట్లూ పక్కపక్కన పెడితే చెట్టు మీద పూత పోయి కాయలు రావాలి, ఇంకేమీ మారకూడదు. ఆ వేషం జోజమ్మది. ఆమె నిజంగానే తోటల్లో కాయలు ఏరే మనిషి.

నూజివీడు దారిలో, ప్రభాకరరావుగారి తోటలో చెట్టు దొరికింది. చిన్నరసం మామిడి, ముసలిది. ఒక కొమ్మ నేలదాకా వంగి ఉంది. దాని సందులోంచి పడే పొద్దుటి వెలుతురు కోసం రాయప్ప రోజూ వెళ్ళి ఊరికే కూర్చునేవాడు. పూత షాట్ బాగా వచ్చింది. మళ్ళీ అదే చోట కెమెరా నిలపాలని స్టాండు కింద మేకులు దిగ్గొట్టి, చెట్టు మొదలు మీద సున్నంతో ఇంటూ మార్కు గీశాడు.

మా వైపు కొట్టేసే చెట్టుకు వేసే గుర్తు అదే. అతనికీ తెలుసు. కెమెరా చేతిలో ఉంటే ఊరు సంగతులేవీ బుర్రలో ఉండవు.

ఆ ఏడు తామరపురుగు పూతను తినేసింది. కాపు నిలవని చెట్లు తీయించి పామాయిల్ వేద్దామని ప్రభాకరరావుగారు రంపం మిషన్లు దింపారు. రాయప్ప వెళ్ళేసరికి అతని చెట్టు పడి ఉంది. పిందెలతో సహా.

"కాయున్న చెట్టుకి మార్కు ఎవడు వేశాడోయ్? మావాళ్ళు కాదంటున్నారు," అన్నారాయన.

"నేనేనండి."

"నువ్వా! ఎందుకూ?"

"మళ్ళీ వచ్చినప్పుడు కనుక్కోడానికండి."

ఆయన పడ్డ చెట్టుకేసి చూపించి, "కట్టెలేమన్నా కావాలా?" అన్నారు.

అక్షయకు ఫోన్ చేశాడు.

"వేరే చెట్టు చూడన్నా. తోటంతా చెట్లేగా."

"వాటికి ఆ కొమ్మ లేదమ్మా."

"కొమ్మ ఎవరు చూస్తారన్నా?"

ఫోన్ పెట్టేశాడు. ఇన్నేళ్ళూ అతను తీసినవన్నీ ఎవరూ చూడని కొమ్మలే.

మే నెలలో, అక్షయ రాకపోయినా, జోజమ్మను తీసుకుని తోటకు వెళ్ళాడు. మేకులు అలాగే ఉన్నాయి. కెమెరా నిలిపాడు.

"ఏరా రాయప్పా, నా నీడేదిరా? ముసల్దాన్ని ఎండలో మాడుస్తావా?"

"అప్పుడు కూర్చున్నచోటే కూర్చో పిన్నీ."

మొద్దు పక్కన కూర్చుని ఆమె కొంగు నెత్తిన కప్పుకుంది. అది కథలో లేదు. అతను వద్దనలేదు. ఎంతసేపటికీ కదలని ఆమె చివరికి అరిచింది.

"కట్ అనవేంరా?"

"అనేవాళ్ళు రాలేదు పిన్నీ."

రెండు షాట్లూ పక్కపక్కన పెట్టి అక్షయకు పంపాడు. చూసినట్టు ఫోన్‌లో నీలం టిక్కులు పడ్డాయి. జవాబు రాలేదు. మర్నాడు జి. కొండూరులో పెళ్ళి. బ్యాటరీలు ఛార్జింగ్‌కు పెట్టుకున్నాడు.