అవ్వ దగ్గరున్న కార్డు

నా ఎంప్లాయిమెంటు కార్డు కనబడటం లేదని తెలిసే సరికి దాని మీద ముద్ర వేయించుకునే గడువు ఇంకా ఇరవై రోజులుంది. ప్లాస్టిక్ ఫైలు తెరిచాను. టైపు సర్టిఫికెట్లున్నాయి, ఇంటర్ మెమో ఉంది, ఎందుకు దాచుకున్నానో నాకే తెలియని పాత బస్ పాసులు కూడా ఉన్నాయి. కార్డు లేదు.

ఇప్పటి పిల్లలకు చెబితే నవ్వుతారు గానీ, తొంభైల్లో ఇంటరు పాసైన ప్రతివాళ్ళూ చేసే మొదటి పని సిటీకి పోయి ఎంప్లాయిమెంటు ఆఫీసులో పేరు రాయించుకోవడం. అక్కడ అరచేతిలో పట్టే పసుపుపచ్చ అట్టకార్డు ఇచ్చేవాళ్ళు. పేరు, చదువు, గుండ్రటి ముద్ర, పైన ఎర్రసిరాతో ఒక నెంబరు. ఆ నెంబరే మన వరస. ఎక్కడైనా కొలువు ఖాళీ పడితే ఆ వరసలోనే పిలుపొస్తుంది. మూడేళ్ళకోసారి పోయి ముద్ర వేయించుకోకపోతే పేరు కొట్టేస్తారు, మళ్ళీ రాయించుకుంటే నిన్నగాక మొన్న పాసైన వాళ్ళ వెనక నిలబడాలి. నాది ఆరేళ్ళ వరస. నా ఈడు వాళ్ళకు పిలుపులు రావడం అప్పుడప్పుడే మొదలైంది. ఇంట్లో బాపు ఒక్కడి కష్టం, అదీ కోళ్ళఫారంలో. ఆ కార్డు తప్ప నాకు వేరే దారి కనిపించేది కాదు.

షామీర్‌పేటలో మాది రెండు గదుల ఇల్లు. వస్తువు పోవడానికి అందులో చోటే లేదు. అయినా మూడు రోజులు వెతికాను. బాపు ఇనప్పెట్టె, బియ్యం డ్రమ్ము వెనక, పరుపుల కింద, గోడకున్న క్యాలెండర్ వెనక. వెతికినంత సేపూ నోరు ఊరుకోలేదు. ఈ ఇంట్లో పెట్టింది పెట్టిన చోట ఉండదని, నా వస్తువంటే అందరికీ అలుసని, వినేవాళ్ళున్నా లేకున్నా తిడుతూనే ఉన్నాను. నాకు కోపం ముక్కు మీదే ఉంటుంది. అది మా వాడకంతా తెలిసిన సంగతే.

మూడో రోజు పొద్దున అమ్మ చాటలో బియ్యం పోసుకుని రాళ్ళేరుతోంది. తల ఎత్తలేదు.

"గది అవ్వ దగ్గరున్నది" అంది.

అవ్వ అంటే మా బాపు తల్లి. ఆమె పోయి అప్పటికి నెలన్నర.

"మంచాన పడ్డంక అడిగింది. పిల్లది పసుపు కార్డు తెచ్చియ్యి, బైబిల్ల పెడ్త అన్నది. నేనే తీసి ఇచ్చిన. రాత్రే యాదికొచ్చింది."

నేను వెతకడం అక్కడితో ఆపేశాను. ఎందుకో చెప్పాలంటే అవ్వ బైబిలు గురించి చెప్పాలి. అవ్వకు చదువు రాదు. బతుకంతా నాట్లు వేసి, కలుపు తీసి గడిపిన మనిషి. కానీ ఆమె పెద్దక్షరాల బైబిలు మా వాడలో ఒక ఆఫీసు. ఎవరికి పరీక్ష ఉన్నా హాల్‌టికెట్టు తెచ్చి అవ్వకు ఇచ్చేవాళ్ళు. ఆమె దాన్ని బైబిల్లో పెట్టి, పొద్దున్నే దాని మీద చెయ్యి వేసి ప్రార్థన చేసి, తిరిగి ఇచ్చేది. పట్టా కాగితాలు, ఆసుపత్రి చీటీలు, పెండ్లిచూపుల ఫొటోలు, అన్నీ ఆ బైబిల్లో కొన్నాళ్ళు ఉండి పోయినవే. ఏ కాగితం ఎవరిదో ఆమె రంగును బట్టి, ముద్రను బట్టి గుర్తు పట్టేది. సాయంత్రాలు ఆమెకు కీర్తనలు చదివి వినిపించడం నా పని. నేను తొందరగా చదివితే, మింగకు, నమిలి చదువు అనేది.

ఆ బైబిలు తనతోనే సమాధిలోకి రావాలని అవ్వ ముందే చెప్పి పెట్టింది. తెరవద్దు, దులపొద్దు, ఉన్నది ఉన్నట్టు పెట్టమంది. మా చర్చి సంఘంలో పెద్దవాళ్ళు అలా కోరుకోవడం ఉంది. మేము అలాగే చేశాం. పెట్టె మూసే ముందు ఆ బైబిలును అవ్వ ఛాతీ మీద పెట్టి, ఆమె రెండు చేతులు దాని మీద కలిపింది నేనే. నా ఆరేళ్ళ వరసను నా చేతులతోనే మట్టిలో పెట్టాను. దాంతో పాటు ఇంకెవరి కాగితం పోయిందో ఇప్పటికీ తెలియదు.

అప్పుడు నేను అమ్మను ఒక మాట అన్నాను. చదువురాని వాళ్ళ చేతిలో కాగితం పడితే ఇంతే అన్నాను. అమ్మకూ చదువు రాదు. ఆమె చాట పక్కన పెట్టి లేచి లోపలికి పోయింది. ఆ మాట అన్నందుకు ఇప్పుడు రాస్తున్నా సిగ్గుగానే ఉంది.

బాపు ఫారం నుంచి వచ్చాక సంగతి విన్నాడు. నా ముఖం చూసి నా మనసులో ఏం తిరుగుతోందో పట్టేశాడు. నిజంగానే ఒక్క క్షణం నాకు పార, గడ్డపార గుర్తొచ్చాయి.

"గా ఆలోచన పెట్టుకోకు" అన్నాడు. "పోలేదు బిడ్డా. ఉన్నకాడ ఉన్నది. తెచ్చుకోరాదు, గంతే."

మర్నాడు సిటీకి పోయాను. కౌంటర్లో కళ్ళజోడు పెట్టుకున్న ఒక నడివయసు మేడం ఉంది. కార్డు పోతే నకలు ఇస్తారట. దరఖాస్తు కావాలి, పోలీస్ స్టేషన్ నుంచి కాగితం కావాలి, అన్నిటికన్నా ముందు నెంబరు కావాలి. నా దగ్గర నెంబరు లేదు. ఎక్కడా రాసుకోలేదు. ఏ తేదీన రాయించుకున్నానో కూడా గుర్తులేదు, ఇంటర్ ఫలితాలు వచ్చిన ఎండాకాలం అని తప్ప. ఆమె వెనకనున్న బీరువా చూపించింది. ఫలితాలొచ్చిన ఆ రెండు నెలల రిజిస్టర్లే సగం బీరువా ఉన్నాయి. నెంబరు తెస్తే అయిదు నిమిషాల పని, లేకపోతే నీ గడువు లోపల అయ్యేది కాదని విసుక్కోకుండానే చెప్పింది.

ముందు స్టేషన్ కాగితం సంగతి చూద్దామని బాపుతో పోయాను. దారిలో ఆయనకు పాఠం చెప్పాను. మేడ్చల్ బస్సులో పోయిందని చెప్పు, అందరూ అలాగే చెబుతారు అన్నాను. బాపు మా సంఘంలో పెద్ద. ఉత్తప్పుడే కోడిగుడ్డంత అబద్ధం కూడా చెప్పడు. దరఖాస్తు తానే రాస్తానని కూర్చుని, కార్డు మా తల్లి సమాధిలో ఉన్నదని రాసిచ్చాడు. నేను తల పట్టుకున్నాను.

స్టేషన్ రైటరు అది చదివాడు, మమ్మల్ని చూశాడు, మళ్ళీ చదివాడు.

"పెద్దాయనా, ఇది పోయిందని రాయాల్నా, దొరికిందని రాయాల్నా?"

బాపు తాపీగా జరిగింది మొత్తం చెప్పాడు. రైటరు మొదట నవ్వాడు. తర్వాత పెన్ను పట్టుకుని కాసేపు ఆలోచించాడు. తన సర్వీసులో బావిలో పడ్డవి రాశాడట, ఎలుకలు కొట్టినవి రాశాడట, ఇది కొత్తదట. చివరికి "తిరిగి తీసుకొనుటకు వీలులేని చోట ఉన్నది" అని రాసి, ముద్ర వేసి ఇచ్చాడు. బాపు ఆ వాక్యం రెండుసార్లు చదువుకుని, ఇది సరిగ్గ ఉన్నది అన్నాడు.

ఇక మిగిలింది నెంబరు. గడువు పది రోజుల్లోకి వచ్చింది. రోజూ పొద్దున లేవగానే కళ్ళు మూసుకుని ఆ ఎర్రసిరా అంకెలు గుర్తుకు తెచ్చుకోవడానికి చూసేదాన్ని. సిరా రంగు గుర్తొచ్చేది గానీ అంకెలు వచ్చేవి కావు. అంకెల బదులు ఒక రోజు, పేరు రాయించుకోవడానికి వరసలో నిలబడిన నాటి జగడం గుర్తొచ్చింది.

ఆరోజు తెల్లారకముందే పోయి నా చెప్పులు వరసలో పెట్టి, నీడకు పోయి కూర్చున్నాను. రేషన్ షాపు దగ్గరైనా, ఆసుపత్రి దగ్గరైనా మాకు అదే అలవాటు. చెప్పులుంటే మనిషి ఉన్నట్టే. తిరిగి వచ్చేసరికి ఒక పిల్ల నా చెప్పుల్ని పక్కకు నెట్టి వాటి చోట నిలబడి ఉంది. చెప్పులు నిలబడితే పేరు రాసుకుంటరా అంది. గంటసేపు అరుచుకున్నాం. మాది అత్వెల్లి, మాకు ద్రాక్షతోట ఉన్నది అని ఆమె అంటే, తోట ఉన్నోళ్ళకు కొలువెందుకని నేను అన్నాను. చివరికి వెనకున్న వాళ్ళు నా పక్షం వచ్చి ఆమెను నా వెనక్కి జరిపారు. అంటే ఆమె నెంబరు తెలిస్తే, దానికి ఒకటి తక్కువ నాది.

అత్వెల్లి పోతానంటే, నేనూ వస్తానని అమ్మ బయల్దేరింది. ఆ మాటన్న రోజు నుంచి మా ఇద్దరి మధ్య మాటలు సరిగ్గా లేవు. మేడ్చల్‌లో బస్సు మారాం. దారిపొడుగునా అమ్మ కిటికీలోంచే చూసింది. అత్వెల్లిలో ద్రాక్షతోటలున్న ఇళ్ళు నాలుగు చూపించారు. మూడో ఇంట్లో, వాకిట్లో బట్టలు ఆరేస్తున్న పిల్ల నన్ను చూడగానే ఆగిపోయింది.

"నువ్వు చెప్పుల పిల్లవు గదా?" అంది.

ఆరేళ్ళయినా ఆమె నన్ను మరిచిపోలేదు. కొట్టడానికి వచ్చామనుకుందేమో, మొదట తలుపు దగ్గరే నిలబెట్టింది. సంగతి చెప్పాక లోపలికి తీసుకుపోయి, మంచినీళ్ళిచ్చి, అమ్మ ముందు పళ్ళెం నిండా ద్రాక్షలు పెట్టింది. స్టీలు డబ్బాలోంచి కార్డు తీసింది. నాది ఎలా ఉండేదో అలాగే ఉంది. చూడగానే నాకు ఏడుపొచ్చినంత పనయింది. నెంబరు చివర నలభై ఒకటి.

అయితే నాది నలభై అన్నాను. ఆమె తల అడ్డంగా ఊపింది.

"నలభై రెండు. నువ్వే గదా నన్ను ముందుకు పంపింది."

నాకేమీ గుర్తులేదు. ఆమె చెప్పింది. ఆ రోజు వాళ్ళ నాన్న జ్వరంతో గేటు బయట కూర్చుని ఉన్నాడట. మధ్యాహ్నం కౌంటరు మూసే వేళకు నా వంతు వచ్చిందట. ఆమె వెనక నుంచి మాటిమాటికీ గేటు వైపు చూసుకుంటూ ఏడుస్తోందట. నేను ఆమె జబ్బ పట్టుకుని నా ముందుకు లాగి నిలబెట్టానట.

"తిట్టుకుంటనే పంపినవ్" అంది నవ్వి. "ముందే చెప్పనీకి నోరు లేదా అని తిట్టినవ్. నాయిన ఇప్పటికీ చెప్తడు."

ఆరేళ్ళు నేను ఆ జగడం గెలిచానని సంబరపడుతూ వచ్చాను. నాకు గుర్తున్నది నేను గెలిచినంత వరకే. ఆమెకు గుర్తున్నది ఆ తర్వాతది. అమ్మ ద్రాక్షపండు చేతిలో పట్టుకుని నన్నే చూసి నవ్వుతోంది. ఆ నవ్వు ముఖం చూసి ఎన్నాళ్ళయిందో. తిరిగి వచ్చేటప్పుడు బస్టాపులో నిలబడి, ఆ రోజు అట్లా అనకుండా ఉండాల్సిందమ్మా అన్నాను. అమ్మ కొంగులో మూటగట్టిన ద్రాక్షలు సర్దుకుంటూ, నేను నాడే మరిచిపోయిన బిడ్డా అంది. మరిచిపోలేదని ఇద్దరికీ తెలుసు.

సిటీలో మేడం రిజిస్టరు దించి వేలు పెట్టి చూసింది. నలభై, ఎవరో ఘట్‌కేసర్ అబ్బాయి. నలభై ఒకటి, అత్వెల్లి. నలభై రెండు దగ్గర నా పేరు, నా సంతకం. ఆరేళ్ళ కిందటి నా దస్తూరి నాకే చిన్నపిల్లదిలా కనిపించింది. స్టేషన్ కాగితం చదివి ఆ చోటేదని అడిగింది, నేను బైబిలు సంగతంతా చెప్పాక కళ్ళజోడు తీసింది.

"మీ అవ్వ బైబిలు బాగా చదివేదామ్మా?"

ఆమెకు చదవరాదని, నేను చదివి వినిపించేదాన్నని చెప్పాను. మేడం కళ్ళజోడు మళ్ళీ పెట్టుకుంది. కొత్త కార్డు మీద అదే నెంబరు ఎర్రసిరాతో రాసి, పక్కన డూప్లికేటు అని ముద్ర కొట్టి, గడువు ముద్ర కూడా వేసి ఇచ్చింది. ఇంకా రెండు రోజులు మిగిలే ఉన్నాయి.

ఇంటికి వచ్చి కార్డు అమ్మ చేతిలోనే పెట్టాను, నువ్వే దాచు అన్నాను. అమ్మ దాన్ని బాపు బైబిల్లో పెట్టబోయి ఆగింది. ముందుగాల నెంబరు రాస్కో అంది. బాపు బొగ్గుముక్క తెచ్చి తలుపు వెనక గోడ మీద పెద్ద పెద్ద అంకెలు రాశాడు. ఆ తర్వాతే కార్డు బైబిల్లోకి పోయింది.

పిలుపు రావడానికి మరి రెండేళ్ళు పట్టింది. అత్వెల్లి పిల్ల అప్పటికే కొలువులో చేరింది. రెండువేల సంవత్సరం దాటాక ఒక పొద్దున, టైపిస్టు పోస్టుకు సర్టిఫికెట్లు చూసే గదిలో నేను ఒక ఆఫీసరు ముందు కూర్చున్నాను. ఆయన కార్డు అటూ ఇటూ తిప్పి ముద్ర చూశాడు.

"ఇది డూప్లికేటు కదా. అసలుది ఏదమ్మా?"

బస్సులో పోయిందని చెబితే అక్కడితో అయిపోయేది. నోట్లోకి ఆ మాట వచ్చింది కూడా. కానీ బాపు బయట చెట్టు కింద నా చెప్పుల పక్కన కూర్చుని ఉన్నాడు.

"మా అవ్వ దగ్గరుంది సార్" అన్నాను. "కలిసినప్పుడు తీసుకుంటాను."

సరేనమ్మా అని ఆయన తర్వాతి కాగితం తీసుకున్నాడు.