సూరమ్మ దిగనన్న వ్యాగన్

1946 వేసవిలో నేను ఆమదాలవలస స్టేషన్లో గూడ్స్ క్లర్కుని. సరుకు ఎక్కించడం, దింపించడం, వ్యాగన్ తలుపు మూయించి సీలు వేయడం నా పని. ఆ ఏడు పంటలు దెబ్బతిన్నాయి. అయినా జమీందారు ఏజెంటు శిస్తు కింద లాక్కున్న ధాన్యాన్ని పై ఊళ్లకు పంపడానికి ఇండెంటు, అంటే వ్యాగన్ కోసం ముందస్తు అర్జీ, పెట్టాడు.

వ్యాగన్ వచ్చిన రోజు బస్తాల బళ్ల కంటే ముందే పల్లెల ఆడవాళ్లు వచ్చారు. ఖాళీ వ్యాగన్ ఎక్కి, కాలు పెట్టే చోటు లేకుండా కూర్చున్నారు.

"దిగండమ్మా. మనుషులుండగా బస్తాలు వేయించలేను" అన్నాను.

ముందు కూర్చున్న సూరమ్మ అనే నడివయసు మనిషి కదల్లేదు. "దిగితే గింజలెల్లిపోతాయి బాబూ. మా పిల్లలకేటి పెట్టమంతావు?"

"అది ఏజెంటు గారిని అడుగు. నా ఉద్యోగం పోయేలా ఉంది."

"పోతే నువ్వూ వొచ్చి మా పక్కన కూకో."

నాకు ఒళ్లు మండింది. ఇటు ఈవిడ, అటు ఏజెంటు, వెనక నుంచి "ఏం చేస్తున్నావయ్యా?" అని స్టేషన్ మాస్టరు. అందరికీ నేనే దొరికాను.

మధ్యాహ్నానికి ఆ ఇనప పెట్టె పెనంలా కాలింది. ఒకామె సొమ్మసిల్లింది. నేను విసుక్కుంటూనే బకెట్టుతో నీళ్లు తెచ్చి అందించాను. ఏజెంటు మీదికొచ్చాడు.

"నీళ్లిస్తే ఇంకేం దిగుతారు? నువ్వెవరి మనిషివి?"

"ఎవరి మనిషినీ కాను. లోపల ప్రాణం పోతే సంజాయిషీ రాసుకోవలసింది నేను."

సాయంత్రం పోలీసులొచ్చి ఆడవాళ్లను ఈడ్చి దింపారు. సూరమ్మ మోచేయి చీరుకుపోయింది. ఏజెంటు "ఇక ఎత్తండి" అన్నాడు. బస్తాలు మోసే కలాసీల మేస్త్రీ అప్పన్న తలపాగా విప్పి భుజాన వేసుకున్నాడు.

"మేం ఎత్తం బాబూ. ఆళ్లు మావోళ్లే."

బెదిరించినా, బతిమాలినా ఒక్కరూ బస్తా ముట్టలేదు. వ్యాగన్ ఖాళీగానే వెళ్లిపోయింది. ఊరు అట్టుడికిపోతుందని భయపడ్డ అధికారులు ఆ ధాన్యాన్ని చుట్టుపక్కల పల్లెల్లోనే సర్కారు ధరకు అమ్మించారు. సూరమ్మను మాత్రం జైలుకు పంపారు. నాకు మెమో వచ్చింది.

ఆమె విడుదలై రైలు దిగిన రోజు ప్లాట్‌ఫారం మీద నన్ను చూసి ఆగింది. వెంట ఉన్నవాళ్లతో, "ఈ బాబు మనోడే" అంది.

కాదని చెప్పబోయాను. నేను చేసింది నా డ్యూటీ అనుకున్నాను. కానీ అలాంటి రోజున ఎవరికి నీళ్లు పోశామో చూసి మనం ఎవరివాళ్లమో జనం లెక్కకడతారని అప్పుడు తెలిసింది. ఆమె మూట అందుకున్నాను.