అరువు గొంతు

సోవియట్ రోజుల్లో, లాత్వియాలోని రీగా నగరంలో ఎల్మార్స్ గ్రావాని సొంత పేరుతో పిలిచేవాళ్ళు తక్కువ. రొట్టెల కొట్టు ముందు వరసలో నిలబడితే చాలు, వెనక నుంచి ఎవరో ఒకరు చురక అంటించేవారు.

"జరగండమ్మా, మేజర్ గారికి దారివ్వండి! లేకపోతే అందర్నీ గోడకి నిలబెట్టి కాల్చేస్తాడు!"

అతను నవ్వేవాడు. నవ్వక ఏం చేస్తాడు? పాలిపోయిన కళ్ళూ బిగిసిన దవడా ఇచ్చి పుట్టించాడు దేవుడు. మాస్కోవాళ్ళు యుద్ధం సినిమా తీసినప్పుడల్లా, జర్మన్ అధికారి వేషానికి లాత్వియావాళ్ళకే కబురు వచ్చేది. వంతెన మీద చచ్చాడు, మంచులో చచ్చాడు, ఒకసారి భోజనం బల్ల మీదే చచ్చాడు. కోటి విద్యలూ కూటి కొరకే.

చావడానికి అతనికి అభ్యంతరం లేదు. తన రష్యన్‌లో యాస ఉందని ప్రతి సినిమాలోనూ గొంతు మాత్రం మాస్కో నటుడి చేత చెప్పించేవారు. అదే మింగుడుపడేది కాదు. మొదటిసారి చూసొచ్చి భార్య స్కైడ్రీటె, "ఎవడో నీ కోటు తొడుక్కుని తిరుగుతున్నట్టుందయ్యా" అంది.

నిజానికి అతను చదివింది దర్శకత్వం. ఒకే ఒక్క సినిమా తీశాడు. తనే రాసి, తనే ముఖ్య వేషం కట్టి, తన భాషలో తీసిన ముసలి జాలరి కథ అది. జాలరి ఖాళీ వలతో ఇంటికొచ్చి, గుమ్మంలో ఎదురుచూస్తున్న పెళ్ళాంతో రెండు మాటలంటాడు. పని దొరకని రోజుల్లో ఎల్మార్స్ ఇంటికొచ్చి స్కైడ్రీటెతో అన్న మాటలే అవి.

మాస్కో పెద్దలు చూశారు. "సోవియట్ జాలరి వల ఖాళీగా ఎందుకొస్తుందోయ్?" అని అడిగారు. సినిమా అటకెక్కింది. మళ్ళీ ఎవరూ అతనికి దర్శకత్వం ఇవ్వలేదు. ఎల్మార్స్ విసుక్కుంటూనే మేజర్ చొక్కా గుండీలు పెట్టుకున్నాడు. అలాగే ముసలివాడయ్యాడు.

ఈలోగా స్కైడ్రీటె చూపు పోయింది. తర్వాతెప్పుడో మాస్కోలో గాలి మారి, అటకల మీది సినిమా డబ్బాలు దింపడం మొదలుపెట్టారు. జాలరి సినిమా రీగాలో వేస్తున్నామని కబురొచ్చింది.

"చూడలేకపోతేనేం, వింటాను. సినిమాలో నీ గొంతు వినకుండానే పోతాననుకున్నాను" అంది స్కైడ్రీటె.

ఆట రోజు పొద్దున స్టూడియోకి వెళితే, సౌండ్ విభాగంలో పనిచేసే వెల్టా తల దించుకుంది.

"మన భాష టేపు మిగల్లేదండీ. అప్పట్లో కొత్త టేపులు దొరక్క చెరిపి వాడేశారు. మాస్కో పెద్దలకి చూపించడానికి చేసిన రష్యన్ కాపీ ఒక్కటే ఉంది."

"గొంతెవరిది?"

"ఆయనదే. మీ మేజర్లకి చెప్పే ఆయనది."

అరుద్దామనుకున్నాడు. ఓపిక లేదు. ఇంటికొచ్చేసరికి స్కైడ్రీటె నీలం గౌను వేసుకుని, పెళ్ళినాటి అంబరు రాయి పిన్ను పెట్టుకుని కూర్చుంది. ఆ మొహం చూశాక, సంగతి చెప్పకుండానే చెయ్యి పట్టుకుని హాలుకి తీసుకెళ్ళాడు.

హాల్లో దీపాలార్పారు. జాలరి పడవ కట్టేశాడు, ఎవరినో తిట్టాడు, పొగాకు అడుక్కున్నాడు. స్కైడ్రీటె ఓపిగ్గా విని, అతని చెవిలో అడిగింది.

"ఈ వాగేవాడెవడు? నువ్వెప్పుడొస్తావు?"

"నేనే అది. నా గొంతున్న టేపు పోయింది" అన్నాడు ఎల్మార్స్. అతను ఆమె వైపు వంగి, తెర మీద పెదవులు కదిలినప్పుడల్లా ఆ మాటలు తన భాషలో మెల్లగా చెప్పసాగాడు. ఒక్కటీ మరిచిపోలేదు.

వెనక వరసలోని ఆవిడకి ఒళ్ళుమండింది. "పెద్దాయనా, కాస్త నోరు మూసుకుంటారా? పాపం, ఆ నటుడి మాట విననివ్వండి!"

ఎల్మార్స్ టక్కున ఆగిపోయాడు. జన్మంతా అలవాటైన పనే. తెర మీద జాలరి ఖాళీ వల భుజాన వేసుకుని ఇంటివైపు వస్తున్నాడు. స్కైడ్రీటె అతని మణికట్టు పట్టుకుంది.

"చెప్పు. గట్టిగా చెప్పు."

"ఇవాళా ఏమీ పడలేదే" అన్నాడు ఎల్మార్స్, హాలంతా వినబడేలా. "గుమ్మంలో నిలబడకు, చలేస్తుంది. లోపలికి పద."

స్కైడ్రీటె అతని భుజం మీద తల వాల్చింది.

"ఇదిగో, ఇప్పుడొచ్చావు" అంది.