అక్క సవరం

అక్క పోయింది. నేను బాపట్లలో ఒక పెళ్లికూతురి కోసం సవరానికి రింగులు తిప్పుతుండగా తెనాలి నుంచి అక్క ఆడపడుచు ఫోన్ చేసింది. "మీ అక్క తెల్లారుతూనే ప్రభువునందు నిద్రించిందమ్మా" అంది. నేను జుట్టు తిప్పే ఐరన్ స్విచ్చి కట్టేసి, ప్లగ్గు పీకి, దాన్ని పింగాణీ పళ్లెంలో పెట్టి, అప్పుడు ఏడ్చాను. ముందే ఏడ్చి ఉంటే అక్క లేచొచ్చి మరీ తిట్టేది.

ఆమె నా తోడబుట్టినది కాదు. తెనాలిలో ఆమె బ్యూటీ పార్లర్‌లో పని నేర్చుకున్న ఆడపిల్లలందరికీ ఆమె అక్కే. నేను రేపల్లె పక్క పల్లె నుంచి, ఇంటర్ తప్పి, ఇంట్లో తిట్లు పడలేక అక్కడికి చేరాను. ఇంట్లో తిట్లే నయమని మొదటి వారంలోనే తెలిసింది. పోయినవాళ్ల గురించి మంచే చెప్పాలంటారు. అలా చెబితే అక్క కథ వెంటనే అయిపోతుంది. పని నేర్పింది, కడుపునిండా అన్నం పెట్టింది. మిగతాదంతా నోరే.

కుర్చీలో కూర్చున్న మనిషి జడని వేళ్లతో ఎత్తిపట్టి, అద్దంలో అందరికీ కనిపించేలా తిప్పి, "ఇది జడా, దీపంలో ఒత్తా?" అనేది. ఆ మనిషి డబ్బులిచ్చే మనిషన్న జ్ఞానం కూడా ఉండేది కాదు. ఒకసారి బడిలో పాఠాలు చెప్పే టీచరమ్మ ఒకావిడ వచ్చింది. ఆలస్యంగా పెళ్లి కుదిరింది, పక్కన తోడు కూడా ఎవరూ లేరు. "చర్చిలో ముసుగు వేసుకుంటాను కదండి, దాని కింద జుట్టు కాస్త ఒత్తుగా కనపడేట్టు ఏదైనా పెడతారా?" అని గొంతు తగ్గించి అడిగింది. అక్క గొంతు తగ్గించలేదు. దువ్వెన కొస ఆమె పాపిట్లో ఆనించి, "పెడతాను సరే, పట్టుకోడానికి ఇక్కడ ఏముందమ్మా? క్లిప్పుని మేకేసి కొట్టనా?" అంది. షాపంతా నవ్వింది. అది చాలదన్నట్టు, నడుము దాకా రింగులు తిరిగిన తన జుట్టుని ముందుకు లాక్కుని, "జుట్టంటే ఇదీ" అని చూపించింది. టీచరమ్మ అద్దంలోకి చూడకుండా కళ్లు తుడుచుకుంది. అయినా ఆమె పెళ్లికి అక్క చేతే తల చేయించుకుంది. అంత బాగా చేసేవాళ్లు ఊళ్లో ఇంకొకరు లేకపోవడం వల్ల ఆడవాళ్లందరూ అలాగే పడి ఉండేవాళ్లు.

మాకు పాఠం చెప్పడం కూడా అదే తీరు. కొత్తగా చేరిన పిల్ల సవరాన్ని తన నెత్తికే పెట్టుకుని, ఐరన్‌తో తన మెడ పక్కనే రింగు తిప్పుకోవాలి. నేనూ తిప్పుకున్నాను. చెవి కింద చురుక్కుమంది. ఎవరో టూత్‌పేస్టు తెస్తే అక్క దాన్ని విసిరికొట్టి, నా మెడ తీసుకెళ్లి పంపు కింద పెట్టింది. మంట తగ్గేదాకా నీళ్లు ఆపలేదు, తిట్లూ ఆపలేదు.

"ఇప్పుడు తెలిసిందా? సవరాన్ని నెత్తిమీద ఉండగా తిప్పకూడదు. కుర్చీ వీపుకి కట్టి తిప్పాలి. చల్లారాక తీసుకెళ్లి పెట్టాలి."

"ఆ మాట ముందే చెప్పొచ్చుగా అక్కా?"

"చెబితే చెవికెక్కుద్ది. కాలితే చేతికెక్కుద్ది."

నా మెడ మీద ఆ మచ్చ ఇంకా ఉంది. ఇన్నేళ్లలో నా చేతి కింద మాత్రం ఒక్క మెడా కాలలేదు. కొత్త సవరం వస్తే ముందు ఒక్క వెంట్రుక లాగి కొవ్వొత్తికి చూపించమనేది. "జుట్టయితే బూడిదవుద్ది. ప్లాస్టిక్ అయితే ముద్దవుద్ది. ముద్దయ్యేదానికి ఐరన్ పెట్టావంటే నీకు పెడతా" అనేది. వేడిని క్లిప్పుల దాకా పోనిచ్చేది కాదు. ఒక్కో రింగునీ చల్లారేదాకా అరచేతిలో పట్టుకోమనేది. ఆ అరచేతితోనే నేను ఇవాళ బతుకుతున్నాను.

ఒక మధ్యాహ్నం షాపులో ఎవరూ లేనప్పుడు నన్ను వెనక గదిలోకి పిలిచి, తలుపు గడియ పెట్టి, చెవుల పక్కన క్లిప్పులు విప్పింది. నడుము దాకా ఉన్న ఆ జుట్టు ఆమె ఒళ్లోకి వచ్చేసింది. నడినెత్తి నున్నగా, ముడతపడి ఉంది. చిన్నప్పుడు ఎవరో జిగురుతో అంటించే సవరం పెడితే, మోజు ఆపుకోలేక తానే దానిమీద ఐరన్ తిప్పుకుందట. జిగురు కరిగి మాడుకి పట్టింది. పుండు పడింది, మానింది, వెంట్రుక మాత్రం మళ్లీ మొలవలేదు. క్లిప్పు కాస్త సడలిందని, సరిచేయడానికి ఒక మనిషి కావాలని నాకు చూపించింది. అంతకుమించి నామీద ప్రేమేం లేదు.

"ఎవరికైనా చెప్పావో, చంపేస్తా" అంది. ఆ తర్వాత, నేను ఎప్పుడూ వినని గొంతుతో, "నేను పోయాక కూడా బోడినెత్తితో చూపించకే. నేను తిట్టినోళ్లు చూడకూడదు" అంది.

"తెనాల్లో నువ్వు తిట్టనోళ్లెవరక్కా?"

"అందుకేగా చెప్పేది."

నేను సరేనన్నాను. ఆ సరే కోసమే ఇవాళ పెళ్లికూతుర్ని మా పనిపిల్లలకి అప్పజెప్పి, ఐరన్ సంచిలో వేసుకుని తెనాలి బస్సెక్కాను.

ఇల్లంతా ఆడవాళ్లే. అందరూ కుర్చీలో కూర్చుని మాటలు పడినవాళ్లే. అక్క ఐస్ పెట్టెలో ఉంది, తల చుట్టూ తెల్లగుడ్డ. పెట్టె పక్కనే టీచరమ్మ నిలబడి ఉంది. "ఆ గుడ్డ కాస్త తీయించండమ్మా, ఆ జుట్టు ఒక్కసారి చూసి వెళ్తాం" అంది. వెనకాల నలుగురు "అవునండి, అవునండి" అన్నారు. అందులో అభిమానం ఎంతో, అనుమానం ఎంతో నాకు అంతుపట్టలేదు. జబ్బులో అక్కని చూసుకున్న ఆడపడుచుకి గుట్టు తెలుసు. నన్ను చెయ్యి పట్టుకుని లోపలికి లాక్కుపోయింది.

"వదినా, సవరం ఏది?" అని అడిగాను.

"ఇదిగో అమ్మాయ్. చివరి ప్రయాణం కదా, ఎండుజుట్టుతో ఏం పంపుతాంలే అని కొబ్బరినూనె పట్టించి పెట్టా."

సవరం నుంచి నూనె కారుతోంది. మా వైపు ఎవరు తలకి ప్రేమ చూపించాలన్నా నూనెతోనే చూపిస్తారు. నూనె జుట్టు మీద ఐరన్ పెడితే అది మూకుట్లో వేయించడమే. తలంటి ఆరబెడదామంటే వీధిలో బండి వచ్చేసింది, పాస్టరుగారు గడియారం చూసుకుంటున్నారు. ఐరన్ సంచిలోంచి తీయనేలేదు. కూర్చుని ఆ సవరాన్ని జడ అల్లాను. జన్మలో జడ వేసుకోని మనిషికి బడిపిల్ల జడ.

అసలు చిక్కు దాన్ని తెల్లగుడ్డ చాటునే అక్క నెత్తికి పెట్టబోతేనే తెలిసింది. జబ్బుతో చెవుల పక్కన ఉన్న నాలుగు వెంట్రుకలూ రాలిపోయాయి. క్లిప్పుకి పట్టు లేదు. పెట్టిన ప్రతిసారీ జారిపోయింది. ఆఖరికి జడని నెత్తిమీద ఆనించి, దాని మొదలు అరచేత్తో అదిమిపట్టుకున్నాను. అక్కని శవపేటికలోకి మార్చేటప్పుడూ చెయ్యి తీయలేదు. గుడ్డ తీశారు. పాట మొదలైంది. ఒక్కొక్కరూ వచ్చి చూసి పోతున్నారు. "ఎంత ప్రేమో చూడండి, చెయ్యి వదల్లేకపోతోంది" అని ఎవరో నా గురించి అన్నారు. నేను ఏడవడం లేదు. సవరం పట్టుకుని ఉన్నాను.

టీచరమ్మ వంతు వచ్చింది. "జడేంటి? ఈవిడ జడ వేసుకునేది కాదే" అంది.

"నూనె పెట్టామండి. నూనెకి రింగులు నిలవవు" అన్నాను.

ఆమె వంగి జడ కొస చేతిలోకి తీసుకుంది. నా అరచేతి కింద మొదలు కదిలింది. అదిమిపట్టాను. ఆమె నా చేతినీ, నా ముఖాన్నీ చూసింది. జడని ఎక్కడిది అక్కడే పెట్టింది. ఒక నవ్వు నవ్వింది, సంతోషమే అది, దాచుకోలేదు కూడా. ఆ నవ్వుకి ఆమెకి హక్కుంది. అయినా నా ఒళ్లు మండిపోయింది. నాకు అక్క కావాలి, ఆ నోటితో సహా కావాలి.

"ఇక చెయ్యి తియ్యమ్మా, మూత పెట్టాలి" అన్నారు పాస్టరుగారు. మూత బాగా కిందికి దింపమన్నాను. నా మణికట్టుకి చెక్క తగిలాక చెయ్యి లాక్కున్నాను. మిగిలిన ఆ సందులోంచి చూస్తే జడ మెల్లిగా చెవి మీదుగా జారిపోతోంది, వెనకే తెల్లటి నెత్తి బయటపడుతోంది.

మేకులు కొట్టండి, త్వరగా కొట్టండి అని అరిచింది నేనే.