బుద్రి అడిగిన పేరు

బియ్యం కడుగుతుంటే నాలుగు గింజలు వేళ్ళ సందులోంచి జారి పక్కనున్న నీళ్ళ గిన్నెలో పడ్డాయి. మిగతావి అడుక్కి దిగిపోయినా ఒక్కటి మాత్రం నీటి మీద తేలి, అంచు వెంట మెల్లగా తిరుగుతోంది. నేను దాన్నే చూస్తున్నాను. అప్పుడే ముందు గదిలో మా మనవరాలి భర్త ఫోను చూసి పైకి చదవడం వినిపించింది. "సమూయేలు. అర్థం, దేవుడు విన్నాడు. పుట్టుక, హీబ్రూ భాష. అదృష్ట సంఖ్య ఏడు. అదృష్ట రంగు లేత నీలం." కిందటి వారం పుట్టిన నా మునిమనవడికి పేరు వెతుకుతున్నారు. చేతులు తుడుచుకుని వెళ్ళి ఫోను తీసుకున్నాను. అక్షరాలకు వాళ్ళే ఇచ్చిన అంకెలను కూడి చూశాను. ఏడు రాలేదు, ఎనిమిది వచ్చింది. ఉద్యోగమంతా లెక్కలు చెప్పిన దాన్ని, తప్పుడు కూడిక చూస్తే నాకు ఒళ్ళు మండుతుంది. కానీ ఆ పూట నా కోపం కూడిక మీద కాదు. ఆ పేరును ఒకామె ఎలా అడిగి తెచ్చుకుందో, దాన్ని ఆమె దగ్గర్నుంచి ఎవరు లాక్కోబోయారో నా కళ్ళతో చూశాను. అక్కడ లేత నీలం రంగు ప్రసక్తి ఎవరూ తేలేదు.

ఆ సంగతి చెప్పాలంటే ఎస్తేరమ్మగారి గురించి చెప్పాలి. 1994 జూన్‌లో, ముంచింగిపుట్టు దాటి ఒడిశా వైపు పోయే దారిలో ఉన్న మిషన్ బడిలో నేను లెక్కల టీచరుగా చేరాను. ఆవిడ ఆ బడికి హెడ్‌మాస్టరమ్మ. అడ్డతీగల వైపు మనిషి. పొడుగ్గా ఉండేవారు. ఎండైనా వానైనా చేతిలో మగవాళ్ళు పట్టే నల్లగొడుగు ఉండేది. చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు ఆవిణ్ణి పెద్ద టీచరమ్మ అనేవారు. ఆవిడతో పనిచేయడం సుఖమని ఎవరూ అనరు. చేరిన రోజు ఘాట్ రోడ్డు మీద బస్సు చెడిపోయి నేను ఆలస్యంగా వెళ్ళాను. సంజాయిషీ మొదలుపెట్టేలోపే, "బస్సు సంగతి సాయంత్రం చెప్పు లెక్కలమ్మా, పిల్లలు కూర్చుని ఉన్నారు" అన్నారు. ఆ రోజునుంచి నా పేరు లెక్కలమ్మ అయిపోయింది. సాయంత్రం ఆవిడ బస్సు సంగతి అడగనే లేదు.

పేర్ల విషయంలో ఆవిడకు పట్టుదల ఎక్కువ. ఆ కొండల్లో చాలామందికి పుట్టిన వారమే పేరు. సోమవారం పుట్టినవాడు సోమ, బుధవారం పుట్టిన పిల్ల బుద్రి, శుక్రవారం పుట్టినవాడు సుక్ర. మా బడిలో ఒక టీచరు ఇవేం పేర్లండీ, బడిలో చేర్చుకునేటప్పుడే మంచి పేర్లు పెట్టేద్దాం అని సలహా ఇచ్చాడు. మైదానంలో చాలా బళ్ళలో అదే చేసేవారు. పిల్లవాడు ఇంట్లోంచి ఒక పేరుతో వచ్చి, సాయంత్రానికి ఇంకో పేరుతో తిరిగి వెళ్ళేవాడు. ఎస్తేరమ్మగారు ఆ టీచరును, నువ్వు ఏ వారం పుట్టావయ్యా అని అడిగారు. తెలీదన్నాడు. "వీళ్ళకు తెలుసు. కాబట్టి నోరు మూసుకుని హాజరు వెయ్యి" అన్నారు.

మా హాస్టల్లో వంటచేసే ఆమె పేరు బుద్రి. పక్క కొండ మీది ఊరు. ఆమెకు పుట్టిన ముగ్గురు పిల్లలూ జ్వరాలకు పోయారు. ఒక మధ్యాహ్నం వంటగది అరుగు మీద కూర్చుని అడ్డాకులతో విస్తళ్ళు కుడుతూ ఆమె, మీ దేవుణ్ణి అడిగితే పిల్లల్ని ఇస్తాడా అని ఎస్తేరమ్మగారిని అడిగింది. ఇస్తాడని గాని ఇవ్వడని గాని ఆవిడ చెప్పలేదు. హన్నా కథ చెప్పారు. పిల్లలు లేని హన్నా గుడికి వెళ్ళి, మనసులోనే ఏడుస్తూ, ఒక్క కొడుకునిస్తే నీకే ఇచ్చేస్తానని దేవుడికి మొక్కుకుంది. కొడుకు పుట్టాక, వీణ్ణి నేను దేవుణ్ణి అడిగి తెచ్చుకున్నానని సమూయేలు అని పేరు పెట్టుకుంది.

బుద్రి సూది ఆపి, "ఆయమ్మకీ పిల్లలు పోనారా?" అంది.

"లేదు. ఆవిడకు అసలు పుట్టనే లేదు."

"ఐతే నా కష్టమే పెద్దది" అని బుద్రి మళ్ళీ కుట్టడం మొదలుపెట్టింది.

నాకు మాత్రం ఆ పేరు అర్థం దగ్గర సందేహం మిగిలిపోయింది. దేవుడు విన్నాడని కొందరంటారు, దేవుని నామమని కొందరు, దేవుణ్ణి అడిగానని కొందరు. ఇందులో ఏది సరైనదని సాయంత్రం అడిగాను. హీబ్రూ చదివిన పండితులకే కుదరలేదు, నీకూ నాకూ కుదురుతుందా అన్నారు ఆవిడ. అక్కడితో వదిలిపెట్టడం నాకు నచ్చలేదు. ఒక ప్రశ్నకు మూడు జవాబులుంటే రెండు కొట్టేయాలి కదా.

మరుసటి ఏడు వానల్లో ఒక ఆదివారం బుద్రి మా మందిరానికి వచ్చింది. రేకుల కప్పు మీద వాన మోగుతోంది. ఆమె లోపలికి వచ్చి వెనక గోడకు ఆనుకుని నిలబడింది. కళ్ళు మూసుకుంది. పెదవులు కదులుతున్నాయి, మాట బయటికి రావడం లేదు. ఒళ్ళు ముందుకీ వెనక్కీ ఊగుతోంది. అప్పట్లో మా పాస్టరు, అందరూ అయ్యగారు అనే ఆయన, కొత్తగా కోస్తానుంచి బదిలీ మీద వచ్చారు. ప్రసంగం ఆపి, పొద్దున్నే జీలుగు కల్లు తాగి దేవుని మందిరానికి వస్తారా, ఆమెను బయటికి పంపండి అన్నారు. సంఘపెద్దలిద్దరు ఆమె జబ్బ పట్టుకుని వానలోకి తీసుకుపోయారు. బుద్రి ఆ ఉదయం నా ఎదురుగా పిల్లలకు రాగి అంబలి కాచి వచ్చింది. కల్లు వాసన కాదు, పొయ్యి పొగ వాసన వచ్చేది ఆమె దగ్గర.

ఎస్తేరమ్మగారు లేచి, గొడుగు తీసుకుని బయటికి వెళ్ళిపోయారు. ప్రసంగం అయ్యేదాకా ఆ ఇద్దరూ ఒకే గొడుగు కింద మెట్ల మీద కూర్చున్నారు. అందరూ బయటికి వస్తున్నప్పుడు ఆవిడ అయ్యగారిని ఆపారు. "హన్నా పెదవులు కదిలితే గుళ్ళో యాజకుడు కూడా తాగిందనే అన్నాడండీ. పోయిన నెల మీరే చెప్పారు. చాలా బాగా చెప్పారు."

ఆయన కొంచెం నవ్వి, "ఈమె హన్నా కాదు కదండీ" అన్నారు.

1996 వైశాఖమాసంలో బుద్రికి కొడుకు పుట్టాడు. బిడ్డ బలంగా ఉన్నాడు, పాలు తాగాడు, జ్వరం రాలేదు. వాళ్ళ ఊళ్ళో పేరు పెట్టే పద్ధతి ఒకటుంది. దిసారి అంటే ఊరి పూజారి, మంచిరోజు చూసేవాడు. అతను కంచు గిన్నెలో నీళ్ళు పోసి, పోయిన పెద్దల పేర్లు ఒక్కొక్కటే పలుకుతూ బియ్యపు గింజలు వదులుతాడు. ఏ పేరు దగ్గర గింజ తేలి నిలుస్తుందో ఆ పెద్దే తిరిగి వచ్చాడని లెక్క. ఎస్తేరమ్మగారూ నేనూ వెళ్ళి గడప దగ్గర కూర్చున్నాం. బుద్రి మామగారి పేరు దగ్గర గింజ తేలింది. అతని పేరు సుక్ర. బుద్రి అత్తగారు బిడ్డ చెవి పట్టుకుని, వచ్చినావా ముసిలోడా, ఈసారైనా బుద్ధిగా ఉండు అంది. ఇల్లంతా నవ్వింది.

తిరిగి వచ్చేటప్పుడు బుద్రి మాతో పొలిమేరదాకా నడిచింది. మరి సమూయేలు సంగతేమిటని నేనే అడిగాను. ఆమెకు అందులో చిక్కేమీ కనిపించలేదు. "నాను అడిగినాను. దేవుడు విని మా మావనే తిరిగి పంపినాడు. ఊరూపేరూ లేనోణ్ణి పంపుతాడేటి? ఇంట్లో సుక్ర, దేవుడి కాడ సామేలు" అంది. మరి కాసేపటికి గొంతు తగ్గించి, ఆ పేరు పెడతానని దేవుడికి మాటిచ్చానని, మాట తప్పితే ముందు ముగ్గురిలాగే గుంటణ్ణీ తీసుకుపోతాడేమోనని చెప్పింది. బిడ్డను గుండెకు ఇంకా దగ్గరగా అదుముకుంది.

గింజల సంగతి అయ్యగారి చెవిన పడింది. దయ్యాల గింజలకు అప్పగించిన బిడ్డకు ప్రవక్త పేరు పెట్టనని, కావాలంటే ఆ ఊరితో తెగతెంపులు చేసుకుని రమ్మని కబురు పంపారు. ఒక తల్లి తన బిడ్డ బతకాలని పట్టుకున్న పేరు. అది ఈయన జేబులోదైనట్టు, ఇవ్వనని. ఎస్తేరమ్మగారు నన్ను వెంటబెట్టుకుని ఆయన ఇంటికి వెళ్ళారు.

ఇక్కడ ఒక సంగతి చెప్పాలి. అంతకుముందు క్రిస్మస్‌కు అయ్యగారి తల్లి కొండమీదికి వచ్చి కొన్నాళ్ళుంది. ఆయన పేరుకు ముందు రెవరెండు, వెనక డిగ్రీలు ఉండేవి. ఆవిడ మాత్రం అరుగు మీదనుంచి, "ఒరే సిమ్మాచెలం, ఏటి సేత్తన్నావురా అక్కడ? బేగి రా, కూడు సల్లారిపోతంది" అని ఊరంతా వినేలా పిలిచేది. మేమందరం విన్నాం. తల్లి అలా పిలుస్తుంటే ఆయన ముఖం మెత్తబడేది, అది కూడా చూశాం.

ఆ సాయంత్రం ఎస్తేరమ్మగారు కుర్చీ అంచున కూర్చుని, గొంతు ఎత్తకుండా అడిగారు. "అమ్మగారు మీరు పుట్టకముందు సింహాచలం కొండకు మొక్కుకున్నారు కదండీ. నాతో చెప్పారు. ఆ పేరుతో పిలిస్తే మీరు ఇప్పటికీ పలుకుతున్నారు. దేవుడు మిమ్మల్ని వద్దన్నాడా?"

ఆయన కిటికీ వైపు చూస్తూ, సరేనండి, వచ్చే ఆదివారం తీసుకురమ్మనండి, సమూయేలనే పెడదాం అన్నారు. దారిలో నేను సంతోషం పట్టలేకపోయాను. ఆవిడ మాత్రం, ముందు ఆదివారం రానీ అన్నారు.

ఆదివారం వచ్చింది. బుద్రి తలకు నూనె రాసుకుని, కొత్త చీర కట్టుకుని, పిల్లవాణ్ణి ఎత్తుకుని ముందు వరసలో నిలబడింది. అత్తగారు కూడా వచ్చి గుమ్మం దగ్గర చతికిలబడింది. అయ్యగారు బిడ్డను తీసుకుని ఇత్తడి గిన్నెలోంచి అరచేతిలోకి నీళ్ళు తీసుకున్నారు. తీసుకుని, "పేతురు" అని మొదలుపెట్టారు.

నాకు ఒక్క క్షణం ఏమీ అర్థం కాలేదు. అర్థమయ్యాక ఒళ్ళంతా భగ్గుమంది. మాట ఇచ్చి, మమ్మల్ని నమ్మించి, అందరి ముందూ ఆమె నోరెత్తదని లెక్కేసుకుని ఆయన ఈ పని చేశారు. నేను సగం లేచాను. ఎస్తేరమ్మగారు నా కుడి మణికట్టు పట్టుకున్నారు. ఆ వయసులో అంత పట్టు ఎక్కడిదో, నేను కదలలేకపోయాను. "కూర్చో. అడిగింది ఆమె. ఆమే చెబుతుంది" అన్నారు, పెదవులు కదిలీ కదలకుండా.

బుద్రి అన్నది, "కాదు. సామేలు."

ఇది కూడా మంచి పేరేనమ్మా, నీకు తెలియదు అన్నారు ఆయన. నీళ్ళు ఇంకా అరచేతిలోనే ఉన్నాయి, వేళ్ళ సందుల్లోంచి కారుతున్నాయి.

"వీణ్ణి నువ్వు అడిగినావా అయ్యా? నాను అడిగినాను. అడిగిన రోజున నన్ను వానలోకి తోలినావు. వీడి పేరు సామేలు."

ఆమె అరవలేదు. వంటగదిలో పిల్లలను అన్నానికి పిలిచే గొంతు అది. ఆయన అరచేతిలో నీళ్ళన్నీ కారిపోయాయి. చివరికి మళ్ళీ గిన్నెలో చేయి ముంచి, ఎవరికీ సరిగా వినిపించనంత నెమ్మదిగా, సమూయేలని పలికారు. బుద్రికి వినిపించింది. చాలు.

ఆయన ఆమెకు ఎన్నడూ క్షమాపణ చెప్పలేదు. రెండేళ్ళ తర్వాత బదిలీ అయినప్పుడు దండలు వేశారు, కొండజాతుల సేవ గురించి పొగిడారు. ఆ సభలో నేను కూర్చోలేదు.

బాప్తిస్మం రోజు సాయంత్రం ఎస్తేరమ్మగారితో పోట్లాడాను. నన్నెందుకు ఆపారు, నాలుగు మాటలు అననివ్వాల్సింది అన్నాను. ఆవిడ గొడుగు మూసి గోడకు ఆనించారు. "నువ్వు లేస్తే అది మనకీ ఆయనకీ పోట్లాట అయ్యేది. బుద్రి మళ్ళీ వెనక గోడ దగ్గరికి పోయేది" అన్నారు. లోపలికి వెళ్ళబోతూ ఆగి, "మూడర్థాల్లో ఏది సరైనదని అడిగావు కదా లెక్కలమ్మా. విన్నావుగా ఇవాళ" అన్నారు.

2001లో సామేలు మా బడికి వచ్చాడు. ఇంట్లో సుక్ర, బడిలో సామేలు. కోపం వచ్చినప్పుడు బుద్రి రెండూ కలిపి పిలిచేది, వాడు ఎక్కడున్నా పరుగెత్తుకొచ్చేవాడు. ఎస్తేరమ్మగారు రిటైరై అడ్డతీగల వెళ్ళిపోయి, 2006లో పోయారు. నల్లగొడుగు ఎవరికి దక్కిందో నాకు తెలియదు.

మా ముందు గదిలో ఆ ఉదయం ఇంకా పేర్లు చదువుతూనే ఉన్నారు. మనవరాలి అత్తగారికి ఒక పేరు నచ్చింది, మనవరాలి భర్తకు ఇంకొకటి. నాకైతే నాలుక చివర సమూయేలు అని ఆడుతోంది. పెద్దదాన్ని, నేను చెబితే కాదనరు. చెప్పడానికి నోరు తెరిచాను. అప్పుడు లోపలి గది గుమ్మంలోంచి నా మనవరాలు శాంతి కనిపించింది. బిడ్డను ఒళ్ళో పెట్టుకుని మంచం మీద కూర్చుంది. వారం రోజులుగా ఆమెను ఎవరూ అడగలేదు. నా కుడి మణికట్టు మీద ఆ పట్టు మళ్ళీ తెలిసింది.

ఆ ఫోను కట్టెయ్యమన్నాను. అందరినీ లోపలికి రమ్మన్నాను. శాంతి మంచం పక్కన కూర్చుని, "నువ్వేం అడిగావే వీణ్ణి కనేటప్పుడు?" అన్నాను.

ఆమె తల వంచి బిడ్డను చూసింది. పెదవులు కదిలాయి, మాట ఇంకా బయటికి రాలేదు. శాంతి అత్తగారు ఏదో అందించబోయింది. నేను ఆవిడ మణికట్టు పట్టుకున్నాను.