గోదారి దాటిన వీడియో

మా కోనసీమ కొత్త జిల్లా అయిందని సంబరపడి ఎన్నాళ్ళో కాలేదు, దాని పేరు మీద గొడవ రేగి నెట్ ఆపేశారు. ఆ మర్నాడే రాజోలు ఆస్పత్రిలో మా చెల్లి ఆడపిల్లను కన్నది. పిల్ల తండ్రి, మా మరిదిగారు, కువైట్‌లో డ్రైవరు. మామూలు ఫోను పనిచేస్తోంది కాబట్టి పిల్ల ఏడుపు వినిపించాం గానీ, ముఖం చూపించే దారి లేదు.

రోజూ ఫోను చేసి ఒకటే మాట. "పిల్ల ఎలా ఉందండి వదినగారూ?"

"మీ ముక్కే వచ్చిందండి. ఏం చేస్తాం, అలవాటు పడాలి," అనేదాన్ని.

నవ్వేవారు. నవ్వి, మళ్ళీ పిల్ల ఏడుపు వినిపించమనేవారు. నాకు ఒళ్ళు మండిపోయేది. గొడవ చేసినవాళ్ళనీ, నెట్ ఆపినవాళ్ళనీ కలిపి తిట్టుకునేదాన్ని.

సఖినేటిపల్లి రేవులో పంటి పడవ ఎక్కి, గోదారి అవతల పక్క జిల్లా నరసాపురం వైపు దాటితే నెట్ వస్తోందని పక్కింటావిడ చెప్పింది. ఇంటికొచ్చిన పిల్లని ఎత్తుకుని బయల్దేరబోతే అమ్మ గుమ్మానికి అడ్డం నిలబడింది.

"పురుడు తీరకుండా పసిగుడ్డుని గోదారి దాటిస్తావా? బుద్ధుందా నీకు?"

"మరి ఆయన చూడొద్దా?"

"ఫోన్లో పట్టుకెళ్ళు. ఫోనుకి పురుడు లేదుగా."

అమ్మతో వాదించి నెగ్గినవాళ్ళు మా ఇంట్లో లేరు. పిల్లని భుజాన వేసుకుని, చెల్లి చేత వీడియో తీయించి, కట్టుకున్న చీరతోనే వెళ్ళి పంటి ఎక్కాను.

అవతలి ఒడ్డున అంతా మా కోనసీమ జనమే. ఒళ్ళో లాప్‌టాప్ పెట్టుకుని ఉద్యోగం చేసుకునేవాళ్ళు కొందరు, గల్ఫ్‌కి మాట్లాడే ఆడవాళ్ళు కొందరు. నేనూ ఓ పక్కన నిలబడి వీడియో పంపాను. చాలాసేపయ్యాక ఆయనే వీడియో కాల్ చేశారు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"చూసేరా?"

"ఆయ్, చూసేనండి. మళ్ళీ మళ్ళీ చూసేను."

అంతలో తెరకి దగ్గరగా వంగారు.

"వదినగారూ, మీ భుజం మీద ఆ మరకేంటండి?"

చూసుకున్నాను. తెల్లగా ఎండిపోయి ఉంది. "ఇందాక మీ అమ్మాయి పాలు కక్కిందండి. చీర మార్చుకోకుండానే వచ్చేశాను."

"ఫోను కాస్త దగ్గరగా పెట్టండి."

పెట్టాను. తెర నాకు కనపడటం లేదు. కాల్ కట్టయిందేమో అనుకుని, "ఉన్నారా?" అన్నాను.

"ఉన్నానండి. తియ్యకండి."

అంతమంది జనంలో, ఆ ఎండలో, భుజం దగ్గర ఫోను పట్టుకుని అలాగే నిలబడ్డాను. నాకూ ఏడుపొచ్చింది.